ఇంటి అప్పు: దాని నిజమైన వెల

ఇల్లు కట్టి చూడు, పెండ్లి చేసి చూడు అని మన పెద్దలు ఊరక అనలేదు. పెండ్లి సంగతి ఇప్పటికి విడిచి, ఇంటి సంగతి, అందులోను ఇంటికై చేసిన అప్పు తీర్చు సంగతి సభ్యులతో కొంత ముచ్చటింపదలచితిమి. విత్తనములు, ఎరువులు, పురుగులు మా నిత్యవిషయములు. బ్యాంకు లెక్కలు మా వృత్తిలోనివి కావు. అయినను గడచిన పుష్యమాసమున జరిగిన యొక చిన్న సంగతి మాచే ఈ వ్యాసము వ్రాయించుచున్నది.

వరి కోసిన మాగాణులలో చల్లిన మినుమునకు పల్లాకు తెగులు తగిలినదని విని మేమొక గ్రామమునకు చూడబోయితిమి. చేని గట్టుపై నిలిచి తెల్లదోమను గూర్చి చెప్పుచుండగా, సంఘసభ్యుడైన యొక రైతు జేబులోనుండి మడత పెట్టిన కాగితమును తీసి, "అయ్యా, ఆ దోమ సంగతి పిమ్మట చూతము. ముందు ఈ కాగితములో నన్ను కుట్టుచున్న దోమ యెక్కడ నున్నదో చెప్పండి" అనెను. అది ఆయన ఇంటి అప్పు లెక్క. ఐదేండ్లుగా ఒక్క వాయిదాయైనను తప్పక కట్టినాడు. కట్టినది ఐదు లక్షలు దాటినది. అప్పు తగ్గినది మాత్రము లక్ష చిల్లర. "మిగిలిన నాలుగు లక్షలును ఎవరు తినిరండి?" అని ఆయన అడిగిన ప్రశ్నకు గట్టుమీద నున్నవారందరును మా ముఖము వంక చూచిరి.

ఎవరును తినలేదు. మోసమును లేదు. కాని ఆ రైతు అప్పు తీసికొనిన నాడు ఈ లెక్క ఆయనకు ఎవరును విప్పి చెప్పలేదు, ఆయనయు అడుగలేదు. నెలకు ఎంత కట్టవలెనని మాత్రమే అడిగెను. సాధారణముగా మనమందరము అడుగునది అదియే.

ఒకరి సొంత లెక్కను పత్రికలో పెట్టుట తగదు గావున, గుణించుటకు సులభమైన సంఖ్యలతో చెప్పెదము. ఒకడు పది లక్షల రూపాయలు, ఏటికి నూటికి 9 చొప్పున, ఇరువది యేండ్ల గడువుమీద తీసికొనెననుకొందము. వడ్డీరేటు మధ్యలో మారలేదని కూడ అనుకొందము. ఏటికి 9 అనగా మన పల్లె లెక్కలో నెలకు నూటికి ముప్పావలా వడ్డీ. రెండు రూపాయల వడ్డీకి, మూడు రూపాయల వడ్డీకి అలవాటుపడిన చెవికి ఇది ఎంతయో చౌకగా వినబడును. రెండు రూపాయల వడ్డీ యేటికి నూటికి 24 గదా! చౌకయనుట నిజమే. కాని చౌక వడ్డీయైనను ఎన్నాళ్లు నడచుననుదానిని బట్టి వెల యేర్పడును.

ఈ అప్పునకు నెల వాయిదా 8,997 రూపాయలు. మొదటి నెల గడచునప్పటికి పది లక్షలమీద ముప్పావలా చొప్పున వడ్డీయే 7,500 రూపాయలగును. వాయిదాలో ముందుగా ఆ వడ్డీ పోవును. మిగిలిన 1,497 రూపాయలు మాత్రమే అసలులో తగ్గును. రెండవ నెల 9,98,503 మీద వడ్డీ కట్టవలెను గనుక వడ్డీ పదునొకండు రూపాయలు తగ్గి, అసలు భాగము ఆ పదునొకండు రూపాయలు పెరుగును. ఇట్లు నెలనెలకు అంగుళమంగుళముగా అసలు భాగము ఎదుగును. వాయిదాలో వడ్డీకంటె అసలు ఎక్కువ యగుటకు పండ్రెండేండ్లు దాటవలెను. కట్టకడపటి వాయిదాలో మాత్రము వడ్డీ 67 రూపాయలే.

ఇప్పుడు మన రైతు ప్రశ్నకు బదులు దొరకును. ఐదేండ్లలో ఈ ఋణి కట్టినది 5,39,836 రూపాయలు. ఇందులో వడ్డీకి పోయినది 4,26,907. అసలులో తగ్గినది 1,12,929. పదేండ్లు గడచి, గడువులో సగము తీరిన నాటికి అతడు కట్టినది 10,79,671. అనగా తెచ్చిన పది లక్షలకంటె ఎక్కువయే కట్టినాడు. అయినను బాకీ 7,10,259 నిలిచియుండును. అప్పులో సగము తీరుటకు పదునాలుగేండ్లు పట్టును. ఇరువది యేండ్లకు మొత్తము కట్టునది 21,59,342. పది లక్షల యింటికి పదకొండు లక్షల యేబది తొమ్మిది వేలు వడ్డీ! ఒక యింటిలో కాపురముండుచు రెండిండ్ల వెల కట్టుచున్నామన్నమాట.

పాతకాలపు పెద్దలు వడ్డీ అసలును మించరాదని ధర్మశాస్త్రములలో విధించిరి. అది ఒక్కసారిగా పుచ్చుకొను వడ్డీకే గాని, నెలనెలా చెల్లించు వాయిదాల కుద్దేశింపబడినది కాదు. అయినను 1938వ సంవత్సరమున, కోస్తా, రాయలసీమ జిల్లాలు మద్రాసు రాజధానిలో నున్నప్పుడు, అచ్చటి ప్రభుత్వము చేసిన వ్యవసాయదారుల ఋణోపశమన చట్టము ఇంకొక అడుగు ముందుకు వేసినది. 1932 అక్టోబరు 1వ తేదీకి ముందు చేసిన అప్పు విషయమున, రైతు అసలు క్రిందనో వడ్డీ క్రిందనో ఏ పేరుతోనైనను అసలుకు రెండింతలు చెల్లించియున్నచో, ఆ అప్పు పూర్తిగా తీరినట్లే అని అది చెప్పినది. ఆ చట్టము నేటి గృహఋణములకు సంబంధించినది కాదు. కాని ఆ కొలబద్దను మన లెక్కకు పెట్టి చూచినచో, పై ఋణి పదునెనిమిదేండ్ల యేడు నెలలకు రెండింతలు దాటును. అప్పటికిని అతనికి పదునేడు వాయిదాలు మిగిలియుండును.

ఇచ్చట ఒక మాట న్యాయముగా చెప్పవలెను. ఇరువది యేండ్ల తరువాత కట్టు తొమ్మిది వేలును నేటి తొమ్మిది వేలును ఒక్కటి కావు. రూపాయి విలువ నానాటికి తగ్గుచున్నది. జీతము పెరుగు ఉద్యోగికి ఆ వాయిదా రానురాను తేలిక పడును. అందుచే మొత్తము రూపాయలను మాత్రమే చూచి బెదరనక్కరలేదు. కాని రైతు ఆదాయము జీతమువలె మెట్లెక్కునది కాదు. ఒక యేడు మిరప ధర ఆకాశమునంటును. మరుసటి యేడు కోత కూలియైనను రాదు. వాయిదా మాత్రము ఆ రెండేండ్లును ఒక్కటే.

పట్టణమున నుండు బంధువులు చెప్పు ఇంకొక మాట కలదు: "ఇంటి అప్పు ఉంచుకొనుటయే లాభము, ఆదాయపు పన్ను తగ్గును" అని. పాత పద్ధతిలో పన్ను కట్టు ఉద్యోగికి, తాను కాపురముండు ఇంటి అప్పుపై ఏటికి రెండు లక్షల వడ్డీ వరకు మినహాయింపు కలదు గనుక అది వారికి కొంత నిజము. వ్యవసాయపు ఆదాయమునకు కేంద్రపు ఆదాయపు పన్నే లేదు. లేని పన్నులో తగ్గున దేమి? ఆ సలహా మన గడప దాటి లోపలికి రానవసరము లేదు.

గడువు విషయమున జనులు పొరబడునంతగా మరి దేనియందును పొరబడరు. అదే పది లక్షలు ముప్పది యేండ్ల గడువుమీద తీసికొనినచో వాయిదా 8,046 కు దిగును. నెలకు 951 రూపాయలు కలిసివచ్చినవని సంతోషింతుము. కాని మొత్తము చెల్లింపు సుమారు 28,96,640 రూపాయలగును. ఆ 951 రూపాయల సుఖమునకు ఏడు లక్షల ముప్పదియేడు వేలు వెల. దీనికి మారుగా గడువును పదునైదేండ్లకు తగ్గించినచో వాయిదా 10,143 అగును. నెలకు 1,145 రూపాయలు అదనము. మొత్తములో తగ్గునది మూడు లక్షల ముప్పదిమూడు వేలకు పైగా. అప్పు ఇచ్చువారు "మీకు నెలకు ఎంత వీలగును?" అని అడుగుదురు. "ఈ గడువునకు మొత్తము ఎంత కట్టుదును?" అని మనము అడుగవలెను. 2024 అక్టోబరు 1వ తేదీనుండి రిజర్వు బ్యాంకు ఆజ్ఞచే బ్యాంకులు, ఫైనాన్సు కంపెనీలు ఇట్టి అప్పులకు ముఖ్యాంశముల పత్రమొకటి ఋణికి తెలిసిన భాషలో ఇయ్యవలసియున్నది. ఖర్చులన్నియు కలుపుకొని నిజమైన వార్షికపు రేటు ఎంతయో, ఏ వాయిదాలో అసలెంత వడ్డీ యెంతయో అందుండును. సంతకము చేయుటకు ముందు దానిని అడిగి పుచ్చుకొనుడు.

చదువక సంతకము చేసిన వారిలో మేమును ఒకరము. మేము మిషను పాఠశాలలో చదివినపుడు మా గణితపు ఉపాధ్యాయుడు వడ్డీ లెక్క తప్పినవానిచే దానిని పదిమార్లు వ్రాయించెడివాడు. అట్టి శిక్షణ పొందియు, మా యింటికై అప్పు తీసికొనిన నాడు గుమాస్తా వ్రేలు పెట్టి చూపిన చోటనెల్ల సంతకములు పెట్టి వచ్చితిమి. ఆ సంస్థ పేరు చెప్పుట ఇచ్చట అనవసరము. మాసములు గడచిన పిమ్మట చూడగా, మేమడుగని భీమా ప్రీమియము నలుబది వేల రూపాయలు అప్పులోనే కలిపియున్నది. నలుబది వేలే గదా యని మొదట అనుకొంటిమి. ఆ నలుబది వేలును అదే తొమ్మిది శాతముమీద ఇరువది యేండ్లు నడచినచో 86,374 రూపాయలగునని లెక్క వేసిన రాత్రి మాకు నిద్ర రాలేదు. భీమా చెడ్డదని మా అభిప్రాయము కాదు. ఇంటి పెద్ద పోయిన నాడు అప్పు పిల్లల మెడకు చుట్టుకొనకుండ అది కాపాడును. కాని దానిని కోరి, వెల విచారించి, వీలైనచో విడిగా నగదిచ్చి కొనవలెను. పరిశీలన రుసుము, వకీలు అభిప్రాయపు రుసుము, దస్తావేజుల జమ కాగితము ఖర్చు మొదలగునవి కూడ అప్పులో కలుపకుండ చేతినుండి కట్టుటయే మేలు.

ఇక మారెడు వడ్డీ సంగతి. నేటి గృహఋణములు పెక్కు ఫ్లోటింగు వడ్డీమీద నున్నవి. 2022 మే నెల మొదట రిజర్వు బ్యాంకు రెపో రేటు నూటికి 4గా నుండెను. 2023 ఫిబ్రవరికి అది 6.50కి పెరిగినది. ఆ పెరుగుదల ఇంటి అప్పులమీదికి వచ్చినది. ఇరువది యేండ్ల గడువుతో పది లక్షలకు ఆరున్నర శాతముమీద వాయిదా 7,456. రేటు తొమ్మిదికి ఎక్కినచో ఆ పది లక్షలపై నెల వడ్డీయే 7,500. వాయిదా పాతదిగానే ఉంచినచో అసలులో ఒక్క కాసును తగ్గకపోగా నెలనెలా అప్పు పెరుగును! వాయిదా పెంచినచో ఋణి గోల పెట్టునని, అతనికి సరిగా తెలుపకయే గడువును సాగదీయుట పలుచోట్ల జరిగినది. అందుచే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు కట్టడి చేసినది. రేటు మారునపుడు దాని ఫలితమును ఋణికి తెలుపవలెను. వాయిదా పెంచుకొనుటకో, గడువు పొడిగించుకొనుటకో, రెంటిని కొంతకొంత చేసికొనుటకో అతనికి స్వేచ్ఛ నీయవలెను. గడువు పొడిగింపువలన అప్పు పెరుగు స్థితి రానీయరాదు. మీ ఫోనునకు బ్యాంకునుండి వచ్చు సందేశములను పిల్లలచే చదివించుకొనుడు. రేటు తగ్గిన నాడు మీ లెక్కలో తగ్గినదో లేదో కూడ చూచుకొనుడు.

ఈ వ్యాసములో మేము ముఖ్యముగా చెప్పదలచినది ముందు చెల్లింపును గూర్చి. సేద్యమునకు వలెనే అప్పు తీర్చుటకును అదను కలదు. మొదటి సంవత్సరము ముగిసిన నాడు ఒక లక్ష రూపాయలు అదనముగా అసలులో కట్టి, వాయిదాను మార్చక అట్లే నడపినచో, ఏబది వాయిదాలు ఎగిరిపోవును. కట్టిన లక్ష పోగా నికరముగా మిగులునది సుమారు మూడు లక్షల యేబది నాలుగు వేలు. అదే లక్షను పదునైదవ సంవత్సరము ముగిసిన నాడు కట్టినచో మిగులునది నలుబది యేడు వేల చిల్లర మాత్రమే. లక్ష ఒక్కటే; అదను వేరు.

అందరికిని ఒక్కమారుగా లక్ష రాదు. ఏటేట పంట అమ్మిన పిమ్మట ఇరువది వేలు మాత్రము అదనముగా కట్టు రైతు లెక్క చూతము. ఇరువది యేండ్ల అప్పు పదుమూడేండ్ల పదకొండు నెలలకే తీరును. అదనముగా కట్టినది పదుమూడు మార్లు, 2,60,000 రూపాయలు. అయినను మొత్తము చెల్లింపు 21,59,342 నుండి సుమారు 17,55,830 కి దిగును. నాలుగు లక్షలు మిగిలినవి. ఆరేండ్ల వాయిదాలు తప్పినవి.

అదనపు సొమ్ము కట్టునపుడు బ్యాంకువారు రెండు విధములలో ఒకటి చేయుదురు. వాయిదాను అట్లే యుంచి గడువు తగ్గించుట ఒకటి. గడువును అట్లే యుంచి వాయిదాను తగ్గించుట రెండవది. మొదటి సంవత్సరాంతమున కట్టిన ఆ లక్షకు, గడువు తగ్గించినచో మిగులునది 3,54,000 అని చెప్పితిమి గదా. వాయిదాను తగ్గించినచో నెల వాయిదా 8,080కి దిగును గాని, కడపటికి మిగులునది 1,09,000 మాత్రమే. చేతిలో డబ్బాడని సంవత్సరమున వాయిదా తగ్గించుకొనుట తప్పు కాదు. కాని ఏది చేయవలెనో కాగితముమీద వ్రాసి యిచ్చి, రశీదు పుచ్చుకొనవలెను. వ్యక్తులు తీసికొనిన మారెడు వడ్డీ గృహఋణములపై ముందు చెల్లింపునకు రుసుము పుచ్చుకొనరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే బ్యాంకులకు ఉత్తరువిచ్చినది. స్థిరవడ్డీ అప్పు విషయమున మీ పత్రములోని షరతును చదివి చూచుకొనవలెను.

ఇంతమాత్రమున ఉన్నదంతయు ఊడ్చి బ్యాంకులో కట్టుమని మేము చెప్పము. తొలకరికి విత్తనమునకును ఎరువునకును డబ్బు లేక, రెండు రూపాయల వడ్డీకి తెచ్చుకొనవలసివచ్చినచో, ముప్పావలా వడ్డీ తప్పించుకొని రెండు రూపాయల వడ్డీలో పడినట్లగును. చేబదులు, నగల తాకట్టు, అంగడి అరువు ఉన్నచో ముందు ఎక్కువ వడ్డీ గల దానిని తీర్చుకొనుడు. పంట ఋణమును గడువులోపల కట్టి వడ్డీ రాయితీ నిలుపుకొనుడు. ఆ పిమ్మట మిగిలినది ఇంటి అప్పునకు.

వడ్డీ రేటు చెప్పు తీరులో కూడ ఒక మెలిక కలదు. కొందరు ప్రైవేటు ఋణదాతలు మొదటి అసలుపైననే కడవరకు వడ్డీ కట్టుదురు. దీనిని ఫ్లాటు వడ్డీ యందురు. లక్ష రూపాయలు ఏటికి నూటికి 12 చొప్పున మూడేండ్లకు ఈ పద్ధతిని ఇచ్చినచో నెల వాయిదా 3,778 అగును. అసలు నెలనెలా తగ్గుచుండగా వడ్డీ తగ్గదు గనుక, నిజముగా పడు వడ్డీ నూటికి 21 దాటును. బ్యాంకు తొమ్మిదిని, ఈ పండ్రెండును ప్రక్కప్రక్కన పెట్టి మూడే తేడా యనుకొనువాడు మోసపోవును.

మన గ్రామములలో పెక్కు ఇండ్లు గ్రామకంఠమునందుండుటచే వానికి రిజిస్టరు దస్తావేజులుండవు. ఆ కారణమున ఇంటికై అప్పు చేయువాడు పొలము కాగితములను తాకట్టు పెట్టుట కలదు. వాయిదాలు మూడు నెలలు మించి తప్పి బాకీ మొండిబాకీగా గుర్తింపబడినపుడు, 2002వ సంవత్సరపు సర్ఫేసీ చట్టము ననుసరించి బ్యాంకు అరువది దినముల నోటీసిచ్చి, కోర్టునకు పోకయే తాకట్టు ఇంటిని స్వాధీనపరచుకొనవచ్చును. సాగుభూమికి ఆ చట్టము వర్తింపదు. కాని దావా వేసి రాబట్టుకొను హక్కు ఋణదాతకు ఉండనే యున్నది. కష్టము వచ్చినపుడు దాగికొనక, రెండవ వాయిదా తప్పకముందే బ్యాంకునకు పోయి చెప్పుకొనుట మంచిది. పంట చేతికివచ్చు నెలలకు వాయిదాలు సర్దుబాటు చేయుదురేమో అప్పు తీసికొను నాడే అడుగుట మరియు మంచిది.

అప్పు పూర్తిగా తీరిన పిమ్మట దస్తావేజుల నిమిత్తము తిరుగు అవస్థ ఇంతకుముందు మెండుగా నుండెడిది. 2023 డిసెంబరు 1వ తేదీనుండి అమలునకు వచ్చిన రిజర్వు బ్యాంకు నియమము ప్రకారము, బాకీ తీరిన ముప్పది దినములలో అసలు కాగితములను తిరిగి యిచ్చి, రిజిస్ట్రారు కచేరిలోని తాకట్టు నమోదును తొలగింపించవలెను. తమ తప్పువలన ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయల చొప్పున ఋణికి ఇచ్చుకొనవలెను. కాగితములు చేతికి వచ్చిన వెంటనే ఈ.సి. తీయించి, తాకట్టు పోయినదో లేదో చూచుకొనుడు.

ఆ గట్టుమీది రైతు తన మినుము అమ్మిన పిమ్మట ఇరువది వేలు బ్యాంకులో కట్టి, రశీదు తెచ్చి మాకు సంతోషముతో చూపెను. గడువు తగ్గించిరా, వాయిదా తగ్గించిరా అని మేమడిగితిమి. ఆయన కాగితమును అటునిటు త్రిప్పి చూచెను. గడువు మారలేదు, వాయిదా మాత్రము కొంచెము తగ్గియున్నది. మరునాటి ఉదయపు బస్సులోనే ఆయన మరల బయలుదేరి పోయి, అర్జీ వ్రాసియిచ్చి, దానిని సరిచేయించుకొని వచ్చెను.